మారు వడ్డన

ఒరియానా పని
గ్లాసులో నీళ్లు ఎందాకా ఉన్నాయో గుర్తుపెట్టుకోవడం.
ముందు షాట్‌లో మూడు వేళ్ల ఎత్తుంటే
తర్వాతి షాట్‌లోనూ మూడు వేళ్లే ఉండాలి.
ఎవరి కాలరు ఎటు మడత, ఏ చేతికి వాచీ,
ఏడ్చిన పిల్ల చెంప మీద చార కుడివైపా ఎడమవైపా,
అన్నీ ఆమె నోటుపుస్తకంలో.

వల్పరాయిసోలో, సముద్రం మీంచి మంచు ఎగబాకే కొండ మీద,
రేకు గోడల పసుప్పచ్చ ఇంట్లో
ఈ నెలంతా ఒక కొత్త కాపురం షూటింగు.
అతనికి ఇద్దరు, ఆమెకొకడు,
అందరికీ ఒకటే స్నానాలగది.

పాత సినిమాల్లో సవతితల్లికి
కనుబొమలే సగం నటన చేసిపెట్టేవి.
అవి లేచాయంటే ఆ పూట పిల్లకు తిండి లేనట్టే.
ఇప్పటివాళ్లు మంచివాళ్లు, కనుబొమలు దించేశారు.
ఇప్పుడామె మొదటిరోజు రొట్టె మాడుస్తుంది,
నలభయ్యో నిమిషంలో ఒక తలుపు ధడేలుమంటుంది,
డెబ్భయ్యో నిమిషంలో ఎవరికో జ్వరం, లేదా చెయ్యి విరగడం.
ఆసుపత్రి వరండాలో ప్లాస్టిక్ కుర్చీలో
రాత్రంతా కూర్చున్నందుకు
తెల్లారేసరికి తల్లి హోదా మంజూరు.

ఇవాళ ఆ సీనే.
కుర్రాడు "అమ్మా" అనాలి. పదకొండు టేకులు.
నాలుగోది బావుందనుకుంది ఒరియానా,
నోరు తెరిచి, మాట రాక, దుప్పటి అంచు లాక్కున్నది.
దర్శకుడికి మాటే కావాలి.
పదకొండోసారికి వచ్చింది, గుండ్రంగా, తడిగా.
లైట్‌బాయ్ కూడా ముక్కు తుడుచుకున్నాడు.
ఆమె రాసుకుంది: దుప్పటి భుజం దాకా. ఎడమ చెయ్యి బయట.

ఇంట్లో నవెల్‌కి పదమూడేళ్లు.
వారం ఇక్కడ, వారం కింద రేవు పేటలో వాళ్లమ్మ దగ్గర.
మూడేళ్లుగా అదే నీలం సంచీ,
ఎన్నడూ పూర్తిగా ఖాళీ కాదు,
అడుగున ఒక జత మేజోళ్లు ప్రయాణానికి సిద్ధంగా.
అతని ఫోనులో ఆమె పేరు: ఒరియానా నాన్నిల్లు.

ఒకసారి నిజంగానే జ్వరం వచ్చింది.
ఆమె నిజంగానే రాత్రంతా కూర్చుంది.
తెల్లారి కళ్లు తెరిచి అతనన్నది,
"మా అమ్మకి ఫోన్ చేశావా?"
చేసింది. అప్పటికే రెండుసార్లు.
ఆవిడ వచ్చింది, తడిసిన గొడుగుతో.
ఇద్దరూ వంటింట్లో నిలబడి
థర్మామీటరు గురించి చాలాసేపు మాట్లాడుకున్నారు,
ఒకరి కప్పు ఒకరు కడగబోయి ఆగారు.
ఆ సీను ఎవరూ తియ్యరు.
అందులో గెలిచినవాళ్లు లేరు.

మన భాషలో ఆమెకు రెండు పేర్లు.
సవతి అంటే చాలు,
ఇరుకు వంటింట్లో గిన్నెలు గుద్దుకున్న చప్పుడు.
మారుతల్లి అన్నా పెద్ద తేడా లేదు:
మారుపేరు, మారువేషం, మారుతాళం,
అసలుది కాదని ముందే చెప్పేసే మాట.
కానీ కంచం ముందు కూర్చున్నవాడు
మారు అడిగితే
దానికి ఒక్కటే అర్థం,
ఇంకొంచెం పెట్టమని.

రాత్రి తొమ్మిదింటికి ఆమె వచ్చేసరికి
ఎలీసేయో రేవులో క్రేను మీదున్నాడు.
నవెల్ ఒక్కడే, బల్ల మీద లెక్కల పుస్తకం, దాని మీద ఫోను.
మొన్నటి చిక్కుడుగింజలూ గుమ్మడీ వేడిచేసింది.
ఏం సినిమా అని అడిగాడు. చెప్పింది.
"చివర్లో వాడు అమ్మా అంటాడా?"
"అంటాడు."
"ఛీ," అన్నాడు నోట్లో రొట్టెతో.
ఇద్దరూ నవ్వారు,
ఆమె కొంచెం ఆలస్యంగా.

తర్వాత, ఫోనులోంచి తలెత్తకుండా,
ఖాళీ కంచాన్ని ఒక్క వేలితో
ఆమె వైపు నెట్టాడు.

గరిటె అందుకుంటూ
అలవాటుకొద్దీ చూసుకుంది:
కంచం అంచున రొట్టెముక్క, కుడివైపు.
గిన్నెలో ఇంకా
మూడు వేళ్ల ఎత్తు.